పోయాడు కాదు

పక్కింటివాళ్లు నాపరాళ్లు కోయిస్తున్నారు. మిషన్ కింద తడిసిన రాతిపొడి వాసన మా వంటింటిదాకా వస్తోంది. ఆ వాసనకు ఎవరికైనా కొత్త ఇల్లు గుర్తొస్తుంది. నాకు సలోమి టీచర్ గుర్తొస్తుంది.

నరసరావుపేట హైస్కూల్లో మాకు డ్రాయింగ్ చెప్పేది. పగలంతా మాకు మామిడికాయా, కుండా, చిలకా నేర్పి, ఇంటికెళ్లి తన కోసం వేరే బొమ్మలు వేసుకునేది. అవన్నీ మా పల్నాటి ఊళ్ల పార్టీ తగాదాల్లో హత్యకు గురైనవాళ్ల గురించి. రంగులు చాలవనిపిస్తే వాళ్ల పాతబట్టలతో బొంతలు కుట్టింది, నాపరాయి మీద చెక్కింది, ఫోన్లు వచ్చాక ఇంటివాళ్ల గొంతులు రికార్డు చేసింది. ఒక్కదాంట్లోనూ రక్తం ఉండదు. ఎందుకని అడిగితే, "రక్తం చూడ్డానికి జనం ఎగబడతారే. మనిషిని చూడమంటేనే మొహం తిప్పుకుంటారు" అంది.

నేను కాలేజీలో తెలుగు చెప్పడం మొదలుపెట్టాక, ఒక సెలవుల్లో మా అమ్మ ఉండే పల్లెకు వచ్చింది. మా నాన్న కథ కావాలట. నాకు మండింది. గుమ్మంలోనే నిలబెట్టాను.

"మా ఇంటి ఏడుపు మీకు బొమ్మలాటా టీచర్?"

"మీ నాన్నకేమైందే?"

"తెలియనట్టు అడుగుతారేంది? గొడవల్లో పోయాడు."

"ఎక్కడికి పోయాడు? సినిమాకా?"

తలుపు వేయబోయాను. ఆవిడ వదల్లేదు. "తెలుగు చెప్తావుగా, ఆ వాక్యంలో కర్త ఎవరు?"

"మా నాన్నే."

"చేసింది వాళ్లయితే కర్త మీ నాన్నెట్టా అయ్యాడే?"

లోపల బియ్యం ఏరుతున్న అమ్మ చేట పట్టుకునే బయటికి వచ్చింది. "పోలా" అంది. "అరుగు మీద అన్నం తింటా ఉంటే చంపారు. పెరుగు కలిపి ముద్ద ఎత్తబోయాడు. అంతే." ఆ మాట అమ్మ నోట నేను వినడం అదే మొదలు. మా ఊళ్లోవాళ్ల మాటల్లో హత్య కూడా జబ్బులాగా, దానంతటదే వచ్చేది. సలోమి టీచర్ అప్పుడు గానీ ఫోన్ బయటికి తీయలేదు. "ఇంకోసారి చెప్తావా అక్కా?"

"ఎన్నిసార్లయినా చెప్తా."

తర్వాత పేటలో చర్చి పక్క హాల్లో టీచర్ అన్నీ ప్రదర్శనకు పెట్టింది. గోడకు నాన్న పంచె కలిపి కుట్టిన బొంత. నేల మీద నాపరాయిలో చెక్కిన కంచం, అందులో ఎత్తని ముద్ద. పక్కన స్పీకర్లో అమ్మ గొంతు. మా ఊరి పెద్దమనిషి, వరసకు నాకు పెదనాన్న, నలుగురిని వెంటేసుకుని వచ్చాడు. "పాతవి కెలకటం ఎందుకు టీచరమ్మా? బొమ్మలుండనీ. ఆ 'చంపారు' ఒక్కటి తీసి 'పోయాడు' అని పెట్టు. రేపు ఆమె ఆ ఊళ్లో బతకాలగా."

"మాట నాది కాదు. అదిగో, కూర్చునుంది. అడగండి."

హాలంతా అమ్మ వైపు తిరిగింది. అమ్మ లేచి కొంగు సర్దుకుంది. "తియ్యను బావా. ఇన్నేళ్లూ ఆ ఊళ్లోనే, నీ కళ్లముందే బతికా. ఇక ముందూ బతుకుతా." తర్వాత టీచర్ వైపు తిరిగి, "వెనకోళ్లకు వినపడట్లా, సౌండు కాస్త పెంచమ్మా" అంది.

సలోమి టీచర్ పోయింది. పెద్దవయసులో, తన మంచం మీద, నిద్రలో. ఆ మాటను అలాంటి చావుకే దాచుకోవాలని నేర్పింది ఆవిడే.

ఇందాక మంచినీళ్లకు వచ్చిన రాళ్లు కోసేవాళ్లలో ఒకాయన, గోడ మీది ఫొటో చూసి, "నాన్నగారు చిన్నవయసులోనే పోయినట్టున్నారమ్మా?" అన్నాడు.

"పోలేదు. చంపారు."

అవతల మిషన్ హోరులో ఆయనకు వినపడలేదు. కిటికీలోంచి కేకేసి మిషన్ ఆపించి, మళ్లీ చెప్పాను.