పెద్ద గుమాస్తాకిచ్చిన ఎండుచేపలు

మొన్న మా తమ్ముడి కూతురు కాలేజీ నుంచి వచ్చి, చేతిలోని కాగితాన్ని భోజనాల బల్ల మీద పడేసింది. ఆ పిల్లకూ నాలాగే పుట్టుకతో చూపు తక్కువ. ఏముందో చదవమంటే విసుక్కుంటూ ఫోను చేత చదివించింది. పరీక్షలో తను చెబుతుంటే రాసే మనిషి, గంటకు ఇరవై నిమిషాల అదనపు సమయం, పైగా ఆ మనిషిని ఎంచుకునే హక్కు కూడా తనదేనట. నేను రెండోసారి కూడా చదివించుకున్నాను.

నా ఈడువాళ్ళకైతే నమ్మకం కుదరడానికి ఇంకా చాలాసార్లు చదివించాలి. సముద్రం మధ్య మా దీవిలో, బ్రూక్షాబాద్ అనే ఊళ్ళో మా నాన్న చేపలవేట మనిషి, అక్షరం ముక్క రాదు. పక్కింటి చర్చి పంతులమ్మ, వల అల్లే తాడును అక్షరాల్లా వంచి చెక్కకు కొట్టి, వేలితో తడిమించి నాకు తెలుగు నేర్పింది. ఆ చెక్క ఇప్పటికీ నా మంచం కింద ఉంది. ముక్కు కాగితానికి ఆనించి పరీక్షలన్నీ ఎలాగో రాసుకొచ్చాను గానీ, డిగ్రీ చివరి ఏడాదికి ఆ కాస్త చూపూ సన్నగిల్లింది. ఆ ఏడే టీచరు పోస్టులు పడబోతున్నాయి, డిగ్రీ ఉంటే చాలన్నారు.

కాలేజీ ఆఫీసులో పెద్ద గుమాస్తా ఒకడుండేవాడు. మనవాడే, తెలుగువాడే, నా కోపమంతా అందుకే. రాసే మనిషి కావాలని అడిగితే గది మధ్యలో స్టూలు పెట్టి నన్ను నడవమన్నాడు. తగలకుండా దాటాను. "కళ్ళు తెరిచే ఉన్నాయి కదమ్మా, ఫిర్ క్యా ప్రాబ్లెమ్?" అని నవ్వాడు, ఆఫీసంతా నవ్వింది. నాలాంటివాళ్ళకు రాసే మనిషిని ఇవ్వాలన్న రూలు అప్పటికే ఉందని చాలా ఏళ్ళకు తెలిసింది నాకు. ఆ సంగతి తెలిసే అలా చేశాడా, దుర్మార్గుడు. తెలియక చేశాడా, మొద్దు. రెండూ అయి ఉండటానికి అడ్డేమీ లేదు.

మా నాన్న వేట మానుకుని నాలుగు రోజులు ఆ గుమ్మంలో నిలబడ్డాక గుమాస్తా సరేనన్నాడు. అదనపు సమయం మాత్రం ఇవ్వనన్నాడు. పంతులమ్మ కూతురు తెలుగు చక్కగా రాస్తుంది, ఆ పిల్లను పెట్టండయ్యా అంటే, తెలిసిన పిల్లయితే కాపీ కొట్టిస్తుందన్నాడు. వండూర్ నుంచి ఒక పిల్లను తనే ఎంచి, వాళ్ళింట్లో అందరూ తెలుగే మాట్లాడతారని, తనేదో ఘనకార్యం చేసినట్టు చెప్పాడు. ఆ దయకు ఉబ్బిపోయి, మేం ఎండుచేపల పొట్లం పట్టుకెళ్ళి రెండు చేతులా ఇచ్చి దండం పెట్టాం. ముక్కు మూసుకున్నాడు గానీ, పొట్లం మటుకు సొరుగులోకి వెళ్ళింది.

తెలుగు పరీక్ష రోజు ఆ పిల్ల నా చెవిలో, "దీదీ, మాటాడ్డం ఒచ్చు గానీ తెలుగు రాయడం నహీ ఆతా. నాది హిందీ మీడియం," అని ఏడుపు గొంతుతో చెప్పింది. తన సొంత పిల్లలు కూడా తెలుగు రాయలేరన్న సంగతి పట్టించుకోని మహానుభావుడు ఎంచిన మనిషి ఇంకెలా ఉంటుంది! కాపలా ఉన్న మాస్టారిని అడిగితే, ఆఫీసు పంపిన పేరు మార్చే అధికారం తనకు లేదన్నారు. మూడు గంటలూ ఊరికే కూర్చోలేక, నా తెలుగు జవాబులన్నీ హిందీ అక్షరాల్లోనే రాయమన్నాను. దిద్దేవాళ్ళు పైకి చదువుకుంటే తెలుస్తుందిలే అని నా తెలివి.

పేపర్లు ఓడెక్కి మెయిన్‌ల్యాండ్ వెళ్ళాయి. ఒక్క తెలుగులో తప్పాను. "తెలుగింట్లో పుట్టి తెలుగులో ఫెయిలా? షరమ్ నహీ ఆతా?" అన్నది ఎవరో చెప్పక్కర్లేదు. మరుసటి ఏడు ఆయన బదిలీ అయ్యాక పంతులమ్మ కూతురి చేతనే రాయించి గట్టెక్కాను గానీ, ఆ పోస్టులు మళ్ళీ పడేసరికి నా వయసు దాటిపోయింది. మిడిల్ పాయింట్ పేటలో ఒక ఆఫీసు టెలిఫోను దగ్గర కూర్చుని రిటైరయ్యాను. పాఠం చెప్పాల్సిన గొంతుతో "హోల్డ్ ఆన్ ప్లీజ్" అంటూ బతికాను.

మొన్న కూడా పాత అలవాటు పోక, ఆ కాగితం ఇచ్చినవాళ్ళకు ఏదైనా పట్టుకెళ్ళి థాంక్స్ చెప్పి రమ్మన్నాను మేనకోడలితో. "ఎందుకత్తా? అది నా హక్, వాళ్ళ డ్యూటీ," అని ఫోనులో మునిగిపోయింది. ఆ పొగరు చూసి ముచ్చటేసింది, కాస్త అసూయ కూడా కలిగింది. ఇన్నేళ్ళూ ఆ గుమాస్తాను అసహ్యించుకుంటూ వచ్చాను గానీ, ఆ అసహ్యంలో సగం దండం పెట్టిన నా చేతుల మీదేనని ఆ పూట తెలిసింది. ఆ పొట్లం కోసం మా అమ్మ మంచి ముక్కలన్నీ ఏరి కట్టింది. ఆ వారమంతా మేం చేప తలలే తిన్నాం.