నాయినతో మెల్లగా మాట్లాడిన ఏళ్లు

మొన్న మంగళవారం పొద్దున మా నాయిన పోయాడు. పరామర్శకు వచ్చినవాళ్లంతా "నీ మీదనే పానం పెట్టుకున్నడమ్మా" అన్నారు. నిజమే. నేను మాత్రం ఆయన మీద కసి పెట్టుకున్నాను.

నాచారం ఫ్యాక్టరీలో ప్రెస్ మిషన్ మీద స్టీలు డబ్బాల మూతలు కొట్టేవాడు. నేను ఇంటర్ రెండో ఏడాదిలో ఉండగా, ఉప్పల్ బస్టాపులో మా క్లాసు అబ్బాయితో మాట్లాడుతుంటే ఎవరో చూసి ఆయనకు చెప్పారు. నన్ను ఒక్క మాట అడగలేదు. మర్నాడే కాలేజీకి వెళ్లి, నా పేరు కొట్టేయించి, టీసీ తెచ్చి బీరువాలో పెట్టాడు.

"నన్నెందుకు అడగలేదు నాయినా?"

"అడిగేదేముంది? నీ మంచికే జేసిన."

తర్వాత ఇంట్లోనే చదువుకుని పరీక్షలు రాశాను. చిల్కానగర్‌లో ఒక బడిలో టీచర్‌నయ్యాను. ఆ లోపు మిషన్ల మోతకు నాయిన చెవులు పోయాయి. ఇప్పుడు నా వంతు అనుకున్నాను. అమ్మ గొంతు చించుకుని అరిచేది. నేను కావాలనే మెల్లగా మాట్లాడేదాన్ని.

"జర గట్టిగ జెప్పు బిడ్డా, ఇనవడ్తలేదు."

అదే మాట అంతే మెల్లగా మళ్లీ చెప్పేదాన్ని. కొన్నాళ్లకు అడగడం మానేసి, ఊరికే తలూపేవాడు. తెలంగాణ వచ్చిందని వీధంతా రంగులు చల్లుకుంటుంటే గుమ్మంలో నిలబడి "ఏమైంది బిడ్డా?" అన్నాడు. నేను పెదవి కూడా కదపలేదు.

అయినా రోజూ నా టిఫిను డబ్బా ఆయనే సర్దేవాడు. మూత బిగిసిందో లేదో చుట్టూ వేలితో తడిమి చూసి చేతికిచ్చేవాడు. ఒక్కరోజు కూర కారలేదు. ఆ అన్నం తినే అన్నేళ్లు పాఠాలు చెప్పాను. ఆ సంగతి ఆయనతో అనలేదు.

తెలంగాణ వచ్చిన ఆ జూన్‌లోనే బళ్లు తెరిచాక, మూడో తరగతికి ఎక్కాలు చెబుతున్నాను. యాభై మంది పిల్లలు, అరవక తప్పదు. సందు అవతల టీ కొట్టు బెంచీ మీద నాయిన కనిపించాడు. చెవి వెనక అరచెయ్యి పెట్టుకుని మావైపే వంగి ఉన్నాడు.

బడి ఆయమ్మ నవ్వింది. "పోయినేటి నుంచి వస్తుండు టీచరమ్మా. మా బిడ్డ గొంతు గీడికైతే ఇనవడ్తది అంటడు."

నేను వెళ్లి కిటికీ రెక్కలు మూసి గొళ్లెం పెట్టాను.

సాయంత్రం బడి వదిలాక చూశాను. అదే బెంచీ మీద, మూసిన ఆ కిటికీ వైపే చెవి ఒగ్గి ఇంకా కూర్చుని ఉన్నాడు.