ఒరెస్తే పెదవులు, నా గొంతు

ఒరెస్తే బాందినెల్లికి నత్తి అని రోమ్‌లో ఇద్దరికే తెలుసు. ఒకరు అతని అక్క ఇలారియా, రెండోవాణ్ని నేను, నెల్లో అనేవాణ్ని. మిగతా ఊరంతా తెరమీద అతని మొహం చూసి, నా గొంతు విని, రెండూ ఒకే మనిషివి అనుకునేది.

అప్పట్లో మా షూటింగుల్లో మాటలు రికార్డు చేసేవాళ్లు కాదు. డైలాగు రానివాడు అంకెలు చదివేవాడు. పెదవులు కదిలితే చాలు, తరవాత చీకటి గదిలో మాలాంటివాళ్లం మాటలు పెట్టేవాళ్లం. అంకెలు చదివితే ఒరెస్తేకి నత్తి వచ్చేది కాదు. అంకెలతోనే ప్రేమించి, అంకెలతోనే ఏడ్చి పదకొండేళ్లు నెట్టుకొచ్చాడు. బయట మితభాషి అని పేరు. నేను దగ్గితే అతని పై ప్రాణాలు పైనే పోయేవి. తేనె కలిపిన వేడి పాలతో మా గుమ్మంలో నిలబడేవాడు. ఆ భయం చూసి నవ్వుకునేవాణ్ని, బుద్ధిలేక.

యాభై ఏడులో బెర్తోలి అనే కొత్త దర్శకుడు వచ్చి, తన సినిమాలో ఎవరి గొంతు వాళ్లదే అన్నాడు. ఒరెస్తేకి ఏడాదిగా వేషాల్లేవు. ఇతనిచ్చిన వేషం కూడా పోతే ఇక అంతే.

ఇలారియా వంటింట్లో నెల రోజులు సాధన చేశాం. సినిమాలో అతను, కొడుకు పోయాడని ఒక తల్లికి చెప్పాలి. ఒక్కటే వాక్యం.

"నన్ను కాదురా, ఆ తల్లిని చూడు," అన్నాను.

"నిన్ను చూ... చూస్తేనే వస్తుందిరా, నెల్లో."

"వీడి మాటకంటే నా శనగలే ముందు ఉడికేలా ఉన్నాయి," అంది ఇలారియా. అంటూనే పొయ్యి మంట తగ్గించింది.

షూటింగు రోజు, తనకు కనబడేలా సెట్టు గోడ పక్కన నన్ను నిలబెట్టుకున్నాడు. సుత్తిమోతలు, కేకలు లేని సెట్టు నేనెప్పుడూ చూడలేదు. ఒరెస్తే నోరు తెరిచాడు. ఏమీ రాలేదు. మళ్లీ తెరిచాడు. పెదవులు దగ్గరికొచ్చాయి. పదకొండేళ్లుగా ఆ పెదవులు అలా కలిస్తే నా నోరు తెరుచుకునేది. ఆ రోజూ తెరుచుకుంది.

"అమ్మా, మీ మార్కో ఇక రాడు."

అందరూ నా వైపు తిరిగారు. ఎవడో కిసుక్కున నవ్వాడు. "ఓహో, హీరోగారు అక్కడున్నారా," అన్నాడు బెర్తోలి. సాయంత్రానికి ఒరెస్తే నత్తి సంగతి స్టూడియో అంతా పాకిపోయింది.

వేషం పోయి, ఒరెస్తే తన అక్క టోపీల కొట్లో చేరాడు. మూడేళ్లు ఆ సందు మొహం చూడలేదు నేను. చివరికి వెళ్లాను. ఒక టోపీకి ఆవిరి పట్టిస్తున్నాడు.

"ఆ రోజు ఇరుక్కుపోయావనుకున్నానురా," అన్నాను.

అతను టోపీ కింద పెట్టాడు. పెదవులు కదిలాయి. ఈసారి పళ్లు బిగబట్టుకుని ఆగాను.

"ఇరుక్కోలేదురా. మాట వ... వచ్చేసింది. నువ్వే ము... ముందొచ్చావు."