‘అబ్బే’ అన్నందుకు పోయిన హరిత టికెట్

ఎన్నికల్లో ఓడిపోయినవాళ్ళు లోకంలో కోకొల్లలు. నామినేషన్ వేయకుండా, ప్రచారానికి గుమ్మం దిగకుండా, ఒక్క ఓటూ పడకముందే ఒకే ఒక్క మాట అని ఓడిపోయిన మనిషిని మాత్రం నేనొక్కదాన్నే. ఆ మాట ‘అబ్బే’. ఆ ముచ్చటే మా మనవరాలి చేత రాయిస్తున్నాను. నేను చెప్పింది చెప్పినట్టు రాస్తానని అది ఒట్టు వేసింది. నవ్వితే మాత్రం కలం లాక్కుంటాను.

ఒడిశాలో కోరాపుట్, రాయగడ జిల్లాల మధ్య ఎక్కడో ఒక చిన్న టౌను అనుకోండి. పేరు చెప్పను. చెబితే మా పార్వతి వదినకి తెలిసిపోతుంది. ఎందుకు తెలియకూడదో చివర్లో మీకే అర్థమవుతుంది.

మా పేటలో అందరం ఆంధ్రా నుంచి వచ్చినవాళ్ళమే. పేట వెనకే గెడ్డ. కొండ దిగి వచ్చే నీళ్ళు, అడుగున గులకరాళ్ళు కూడా కనపడేంత తేటగా ఉండేవి. అందులోకి ఒక ఏడాది నుంచి ఊరి చెత్తంతా తెచ్చి పోయడం మొదలుపెట్టారు. వేసవి వచ్చేసరికి ఆ కంపుకి మా ఇంటి పిల్లి కూడా మమ్మల్ని వదిలి మూడో వీధికి కాపురం మార్చేసింది.

ఆ చెత్త ట్రాక్టరు తోలేది ఎవరనుకున్నారు? సాక్షాత్తూ మా ఆయన. కాంట్రాక్టు ఉద్యోగం. పై వాళ్ళు ఎక్కడ పొయ్యమంటే అక్కడ పోయాలి. పగలు ఆయన పోసి వస్తాడు, సాయంత్రం ముక్కుకి తువ్వాలు కట్టుకుని నా పక్కన కూర్చుని “ఏటి కంపే బాబూ!” అంటాడు.

అప్పుడు దిగాడు సత్యం మాస్టారు. దామంజోడిలో చాలా ఏళ్ళు పిల్లలకు సైన్సు చెప్పి, రిటైరై మా పేటకొచ్చాడు. వస్తూ వస్తూ ఒక పార్టీని కూడా తెచ్చాడు. హరిత పార్టీ. మొత్తం సభ్యులు పదకొండు మంది, మాస్టారు గొడుగుతో కలిపితే పన్నెండు.

మాస్టారు అరుగు మీద కూర్చోబెట్టి కథలు చెప్పేవాడు. ఆస్ట్రేలియాకి కింద ఒక ద్వీపం ఉందట. అక్కడ ఒక అందమైన సరస్సుని ఆనకట్ట మింగేస్తుంటే, దానికోసం కొట్లాడినవాళ్ళు ‘మన గోడు వినే పార్టీ లేదు కాబట్టి మనమే పార్టీ’ అన్నారట. జర్మనీలో అణు కరెంటు వద్దన్నవాళ్ళు, యుద్ధాలు వద్దన్నవాళ్ళు, ఆడవాళ్ళకి సమానం కావాలన్నవాళ్ళు ఒక్కటై, మొక్కలు చేత పట్టుకుని పార్లమెంటులోకి నడిచారట. సభ జరుగుతుంటే కొందరు స్వెటర్లు అల్లుకున్నారట కూడా.

ఆ స్వెటర్ల మాట దగ్గర నేను పడిపోయాను. పార్లమెంటులో స్వెటరు అల్లుకోవచ్చంటే, మన కౌన్సిల్లో నేను చింతపండు పిక్కలు తీసుకోలేనా?

“మన పార్టీకి నాలుగు మూలాలు” అని వేళ్ళు మడిచేవాడు మాస్టారు. “ఒకటి, ప్రకృతిని కాపాడడం. రెండు, అందరికీ న్యాయం. మూడు, పై నుంచి హుకుం కాదు, కింద కూర్చున్నవాళ్ళదే నిర్ణయం. ఒక్కరు కాదన్నా ఆ పని చెయ్యం. నాలుగు, అహింస. చెయ్యెత్తడమే కాదమ్మా, ఒక మనిషిని మాటతో బలవంతపెట్టడం కూడా హింసే.”

ఈ నాలుగో వేలు గుర్తుపెట్టుకోండి. నా కొంప ముంచింది అదే.

మున్సిపల్ ఎన్నికలు వచ్చాయి. మా వార్డు ఆడవాళ్ళకి ఇచ్చారు. హరిత పార్టీ తరఫున నన్నే నిలబెడతారని పేటంతా చెప్పుకున్నారు. నేను ఏమీ ఎరగనట్టు తిరుగుతూనే ఆకుపచ్చ చీర కొన్నాను. స్టూడియోకి వెళ్ళి చేతులు జోడించి ఫొటో దిగాను. రోజూ పొద్దున్న బియ్యం డబ్బాకి నమస్కారం పెట్టి “మీ అమూల్యమైన ఓటు...” అని సాధన చేశాను. ఆ చీర కట్టుకుని అద్దం ముందు వారం రోజులు ఊరేగాను.

మా ఆయన ఊరుకోలేదు.

“ఓలె నర్సమ్మా, మునిసిపాల్టీ ఇనిస్పెట్రు బాబు ఏటన్నాడో తెలుసా? మా ఇంట్లోవోలు ఆ పార్టీ జెండా అట్టుకుంటే నన్ను ట్రాక్టరు దించెత్తాడంట.”

“ఊరికే బెదిరిత్తన్నాడు.”

“దించెత్తే తిండేటే?”

“నాను గెలిత్తే ఆ ఇనిస్పెట్రే నాకు నమస్కారం పెడతాడు.”

“ఓడిపోతే?”

ఆ ప్రశ్న నాకు వినపడలేదు. బియ్యం డబ్బా చప్పట్లు కొడుతోంది మరి.

అభ్యర్థిని తేల్చే మీటింగు రోజు రానే వచ్చింది. అరుగు మీద పదకొండు మందిమీ గుండ్రంగా కూర్చున్నాం. మాస్టారు నోటుబుక్కు తెరిచి, కళ్ళజోడు సర్దుకుని అడిగాడు.

“నరసమ్మా, నీ పేరు అందరికీ సమ్మతమే. నువ్వు నిలబడతావా తల్లీ?”

ఇక్కడ ఆగండి. పెళ్ళిలో రెండో లడ్డు వడ్డించడానికి వస్తే మీరేం చేస్తారు? విస్తరి మీద చెయ్యి అడ్డం పెడతారు. పెట్టినా వేళ్ళ మధ్య సందు వదులుతారు. వడ్డించేవాడు “ఒక్కటేనండీ” అని బతిమాలతాడు, మీరు “అబ్బే” అంటారు, మూడోసారికి లడ్డు విస్తట్లో పడుతుంది. మర్యాదంటే అదీ. అడిగిన వెంటనే “ఊఁ” అంటే జనం ఏమనుకుంటారు?

నేనూ తల వంచుకుని, కొంగు వేలికి చుట్టుకుని అన్నాను.

“అబ్బే, నానా? నాకేటి తెలుసు బాబూ. నాకొద్దు. ఇంకెవలినైనా సూడండి.”

అని, రెండోసారి అడుగుతాడని ఎదురుచూశాను. కలం చప్పుడు వినబడింది. మాస్టారు రాసేసుకుంటున్నాడు!

“నరసమ్మగారికి ఇష్టం లేదు. మంచిది.”

“అది కాదు మాస్టారూ...”

“వద్దన్న మనిషిని మళ్ళీ అడగడం హింస తల్లీ. మన నాలుగో మూలం. పార్వతమ్మా, నువ్వు?”

పార్వతి వదిన మా పక్కింటావిడ. ఆవిడ పుట్టిన రోజున దేవుడు మొహమాటం పంచడం మరిచిపోయాడు. విస్తరి మీద చెయ్యి పెట్టడం అటుంచి, విస్తరి ఎత్తి చూపించే రకం.

“ఊఁ! నిలబడతాను” అంది.

“ఎవరికైనా అభ్యంతరమా? ఒక్కరు కాదన్నా ఆపేద్దాం” అన్నాడు మాస్టారు.

చూశారా, దేవుడు రెండో తలుపు తెరిచాడు. ఒక్క ‘కాదు’ చాలు. నోరు తెరిచాను. సరిగ్గా అప్పుడే పార్వతి వదిన నా చెయ్యి పట్టుకుంది.

“నీకిష్టమేనా వొదినా?”

“అయ్యో, నాకిష్టం కాక ఏటి!” అంది నా నోరు. నా ప్రమేయం లేకుండానే.

మర్నాడు మాస్టారు దగ్గరికి పరిగెత్తాను. “పార్వతి వొదినకి మోకాళ్ళ నొప్పులు మాస్టారూ, ఎండన పడి తిరగలేదు పాపం” అన్నాను.

“నీ మనసు మారిందా? చెప్పు. మళ్ళీ మీటింగు పెడదాం. పార్వతమ్మ కూడా ఒప్పుకోవాలి మరి. ముందు ఆమెతో మాట్లాడు.”

“పోనీ, జర్మనీలో సగం కాలం ఒకరు, మిగతా సగం ఇంకొకరు సభలో కూసునీవోరన్నారు కదా? అలగ...”

“అక్కడే మానేశారమ్మా. పని నేర్చుకున్నవాళ్ళని నేర్చుకోగానే దింపేస్తే పని నడవదని తెలిసింది.”

సరే, ఈసారి ముఖం మీదే అడిగేస్తాను అనుకుని పార్వతి వదిన గుమ్మం తొక్కాను. గుండె గట్టి చేసుకున్నాను. గొంతు సవరించుకున్నాను.

“రా వొదినా! నీ కోసమే అనుకుంతన్నాను” అందావిడ. “ప్రచారానికి కట్టుకుందుకు నాకొక్క పచ్చటి సీరా నేదు. ఏటి సెయ్యాలో తోసట్లేదు.”

“దానికేటి, నాది తీసుకో” అన్నాను.

టికెట్ అడగడానికి వెళ్ళి చీర కూడా ఇచ్చి వచ్చిన ఘనత నాది. ఆ సంగతి మా ఆయనకి చెప్పలేదు. చెబితే బతికున్నన్నాళ్ళూ దెప్పుతాడు.

వారం తిరక్కుండా పార్టీ గెడ్డ దారికి అడ్డంగా కూర్చుంది. పార్వతి వదిన నా ఆకుపచ్చ చీర కట్టుకుని, ఎండకి ముసుగేసుకుని, ట్రాక్టరు దారికి వీపు పెట్టి జనానికి ఉపన్యాసం దంచుతోంది. నేను వెనకాల మాస్టారు గొడుగు చాటున ఏడుపు దిగమింగుతున్నాను. ఆ ఉపన్యాసం నాది కావలసింది. ఆ చీర అయితే నాదే!

చెత్తతో ట్రాక్టరు వచ్చింది. మా ఆయన చీర చూశాడు. బ్రేకు మీద నిలబడ్డాడు.

“ఓలె నర్సమ్మా! వద్దంటే ఇనవా? తప్పుకో!”

పార్వతి వదిన మైకులో ఉంది, వినపడలేదు.

“నా కూడు తీసెత్తావేటే? తప్పుకుంతావా నేదా?” కదలిక లేదు. మా ఆయన గొంతు ఒక మెట్టు దిగింది. “నిన్న పులుసు బాగునేదన్నాననా ఈ కక్ష? బాగుందే బాబూ! రెండుసార్లు యేసుకోనేదా?” జనం నవ్వడం మొదలుపెట్టారు. “మీ తమ్ముడిని సోమరిపోతన్నాననా? బంగారం లాటోడే. ఇంటికి రాయే!”

పార్వతి వదిన ముసుగు తీసి వెనక్కి తిరిగింది.

“ఏటి తమ్ముడూ, నాను నీ పెళ్ళాన్నేటి?”

మా ఆయన నాలుక కరుచుకున్నాడు. అంతలో ఇన్‌స్పెక్టర్ బాబు మోటారు సైకిల్ మీద దిగాడు, చేతిలో ఒక కాగితంతో.

“కొణొ హేలా? ఏమైంది? ట్రాక్టర్ ఎందుకాగింది? ఈమె నీ భార్య అట కదా! పెళ్ళాం అడ్డుకుంటే మొగుడు ఆపేస్తాడా? ఇదిగో, రేపటి నుంచి పనిలోకి రాకు.”

గొడుగు చాటు నుంచి ఆ కాగితం చూశాను. ఊరికే బెదిరించడం కాదు, కాగితం రాసి మరీ తెచ్చాడు.

“నా పెళ్ళాం కాదు బాబూ!” అన్నాడు మా ఆయన.

“సీర సూసి పొరబడ్డాడు బాబూ, ఆవిడ పార్వతమ్మ!” అని పేటంతా అరిచింది. “మా ఆయన రైల్వేలో ఉన్నాడు, తీసెయ్యండి సూద్దాం!” అంది పార్వతి వదిన.

ఇన్‌స్పెక్టర్ ఆవిడని ఎగాదిగా చూశాడు. కాగితం చూశాడు. నాలుగు మడతలు పెట్టి జేబులో వేసుకున్నాడు. మా ఆయన ట్రాక్టరు వెనక్కి తిప్పాడు. నా ఊపిరి కూడా అప్పుడే వెనక్కి వచ్చింది.

అమ్మయ్య అంటే ఏమిటో ఆ రోజు తెలిసింది. ఆ చీరలో నేనే ఉంటే ఆ కాగితం మా ఇంటికి వచ్చేది.

జనం అరుగు మీదకి కాక దారి మీదకి వస్తుండడం చూసి, పెద్ద పార్టీలన్నీ ‘గెడ్డలో చెత్త వెయ్యం’ అని తమ కాగితాల్లో అచ్చేసుకున్నాయి. పార్వతి వదిన ఓడిపోయింది. గెలిచినావిడ చెత్తని ఊరి బయట గోతికి మళ్ళించింది. మాస్టారు మాత్రం మురిసిపోయాడు. “దేశదేశాల్లో మన పార్టీ కథ చాలాసార్లు ఇంతే. మనం ఓడతాం, మన మాట గెలుస్తుంది.” ఇప్పుడు గెడ్డలో మళ్ళీ గులకరాళ్ళు కనబడుతున్నాయి. పిల్లి కూడా కాపురం ఇటు మార్చింది.

నా ‘అబ్బే’కి అర్థం మాస్టారు ఆలస్యంగా పసిగట్టాడు కాబోలు, నా పుణ్యమా అని పార్టీ నియమాల్లో ఒకటి మారింది. మా పేట శాఖలో ఎవరైనా వద్దంటే మూడుసార్లు అడగాలట. మూడోసారీ వద్దంటేనే రాసుకోవాలట.

కాబట్టి పాఠకులారా, గెడ్డ సాక్షిగా, పిల్లి సాక్షిగా, బియ్యం డబ్బా సాక్షిగా ప్రమాణం చేస్తున్నాను. కావలసినదాన్ని ఇకమీదట జన్మలో వద్దనను. ‘అబ్బే’ అనే మాట నా నోట రాదు.

“మామ్మా, మరి ఆ సీర ఏటైంది?” అంటోంది మనవరాలు.

పార్వతి వదిన దగ్గరే ఉంది. మొన్న కూడా అడిగింది పాపం, “నీ సీర ఇచ్చెత్తాను వొదినా, తీసుకుంతావా?” అని.

“అబ్బే” అన్నాను.