పండుగ లేని మలీద

ఇన్నేళ్లూ ఇది రాయకపోవడానికి కారణం ఒక్కటే, నాకు అక్షరాలు రావు. ముసలితనంలో మనవరాలి పక్కన కూర్చుని నేర్చుకున్నాను. ఇవాళ వంటింట్లోంచి బెల్లం, యాలకుల వాసన రాగానే కాగితం తీసుకున్నాను.

సౌదీలో, తాయిఫ్‌లో ఒక హైదరాబాదు ఇంజినీరు ఇంట్లో వంట చేసేదాన్ని. ఆయన భార్యకు స్పానిష్ సినిమాలంటే ప్రాణం. మధ్యాహ్నాలు ఇద్దరం కూర్చుని చూసేవాళ్లం. తెర కింద పరుగెత్తే అక్షరాలు ఆమెకు, పిల్లల ముఖాలు నాకు. మన సినిమాల్లో పిల్లలు పెద్దల మాటలు మాట్లాడి నవ్విస్తారు. ఆ సినిమాల్లో బల్ల కిందో తలుపు వెనకో ఉండి ఊరికే చూస్తారు. ఇంట్లో ఎవరు పోయారో, ఎవరు పోబోతున్నారో వాళ్లకు ఎవరూ చెప్పరు.

నా చిన్నతనమూ అంతే. జగిత్యాల దగ్గర మా వాకిట్లో తడిపిన తునికాకు వాసన, చాటలు ఒళ్లో పెట్టుకుని బీడీలు చుట్టే ఆడవాళ్ల పాటలు, బతుకమ్మకు కోసుకొచ్చిన తంగేడు పూలు, ఆ పండుగకే దొరికే, సజ్జరొట్టెను బెల్లంతో నలిపి చేసిన మలీద ముద్దలు. ఒకనాడు ఏ పండుగా లేకుండానే పక్కింటామె పిలిచి మలీద పెట్టి, తల దువ్వి, పొద్దుగూకేదాకా ఉంచుకుంది. ఇంటికొచ్చేసరికి అమ్మ మంచం వాకిట్లో బోర్లించి ఉంది, అమ్మను అప్పటికే కాటికి తీసుకుపోయారు.

తాయిఫ్‌లో అవి, ఉద్యోగాలు ముందు సౌదీవాళ్లకే అనే నితాకత్ పేరుతో బయటివాళ్ల ఉద్యోగాలు ఊడుతున్న రోజులు. పైగా వెంట ఉంచుకున్న భార్యాపిల్లల మీద సర్కారుకు కట్టాల్సిన, ఏటా పెరిగే రుసుము. సారు భార్యనూ కూతురినీ ఫైనల్ ఎగ్జిట్ మీద, మళ్లీ తిరిగి రాకుండా పంపేస్తున్నాడు. పాపకు మాత్రం సెలవులని చెప్పారు.

"రాజవ్వా, పాపకు చెప్పకు. ఏడ్చి ఆగం చేస్తది," అంది మేడం.

"మల్ల రామని చెప్పరాదమ్మా? ఎప్పటికైనా తెలుస్తది గదా."

"సినిమాలు చూసి చెడిపోయినవ్ నువ్వు." నవ్వబోయింది, నవ్వలేకపోయింది. "దారిల తినేటందుకు ఏమన్న తీపి చెయ్యి."

నా చేతులు మలీదే చేశాయి.

"అవ్వా, ఇయ్యాల ఏం పండుగ?" అంది పాప, వేళ్లు నాకుతూ.

"ఊకనే బిడ్డా."

"మేం వచ్చినంక సనాకు గూడ చేసి పెడ్తవా?"

సనా కింది అంతస్తు యెమెన్ వాళ్ల పిల్ల, పాపకు ఆటల జంట. మిగిలిన ముద్దలు దారికోసం డబ్బాలో సర్దాను.

మర్నాడు పొద్దున సామాన్లు కారులోకి ఎక్కుతుంటే, పాపను చేయిపట్టి తీసుకెళ్లి సనా వాళ్ల తలుపు కొట్టాను. నిద్రకళ్లతో వచ్చిన ఆ పిల్లను, పాపను ఎదురెదురుగా నిలబెట్టి, కింద హారన్ మోగేదాకా పక్కనే నిలబడ్డాను.