ఫిన్‌బార్ డెవిట్ గారి వణుకు

ఫిన్‌బార్ డెవిట్ గారి అసలు ఉద్యోగం భయపడటం. టీవీ డైరెక్షను ఆ మధ్యలో దొరికిన తీరికలో చేసేవారు.

ఐర్లండ్‌లోని కార్క్‌లో పడవెక్కి మా మాంచెస్టర్ స్టూడియోకి వచ్చిన పదేళ్ళలో ఆయన చేయని కార్యక్రమం లేదు. ఫుట్‌బాల్, ప్రార్థన గీతాలు, వంటలు, పిల్లల బొమ్మలాట, నాటకాలు. ఏది ఇచ్చినా బ్రహ్మాండంగా చేసేవారు, ఏది ఇచ్చినా ముందు నాతో ఒకటే మాట. "మునిగిపోయాం బెరిల్. పెట్టె సర్దుకుంటాను. మా అన్న మాంసం కొట్లో నాకింకా చోటుంది."

"ప్రార్థన గీతాలకి కూడా భయమేనా?" అని అడిగాను ఓ ఆదివారం.

"పాదిరి గారికి తుమ్మొస్తే?"

"వస్తే తుమ్ముతారు."

"దేశమంతా చూస్తుండగానా?" అని గోడ పట్టుకున్నారు.

ఆ రోజుల్లో నాటకాలు నేరుగా ప్రసారమయ్యేవి. నటులు మాట మరిచిపోతే ఆదుకోవడానికి నా చేతికో బొత్తాం ఇచ్చారు. నొక్కితే దేశమంతటా శబ్దం ఆగిపోతుంది. ఆ రెండు క్షణాల్లో మాట అందించి వేలు తీసేయాలి. ఇళ్ళల్లో జనం తమ టీవీయే చెడిందనుకుని దాని నెత్తిన ఒకటి మొట్టేవాళ్ళు. వెంటనే మాట వచ్చేది. తన చేతిలో ఏదో మహిమ ఉందని మా నాన్న చచ్చేదాకా నమ్మాడు.

ఆ ఏడాది నటి వినిఫ్రెడ్ థ్రెల్‌ఫాల్ గారి కోసం వరసగా రెండు నాటకాల్లో నొక్కాల్సి వచ్చింది. డెబ్బై ఒక్కేళ్ళ మనిషి. మూడోసారి మరిచిపోతే ఇక వేషాలు లేవని మా పై అధికారి ఆగ్డెన్ గారు తేల్చేశారు. వేషం తప్ప ఆవిడకి మరో లోకం లేదు.

ఆ మూడో నాటకం ఫిన్‌బార్ గారికి పడింది. రిహార్సళ్ళ మొదటి రోజే ఆయన టీ కప్పు గలగలలాడించుకుంటూ ఆవిడ దగ్గరికి వెళ్ళారు.

"అమ్మా, నాకు మతి నిలవట్లేదు. మీ ఏ మాట దగ్గర ఏ కెమెరాకి మారాలో గుర్తుండట్లేదు. ఒక్కసారి మీ మాటలన్నీ వినిపిస్తారా? బయట చెప్పకండి, నా ఉద్యోగం ఊడుతుంది."

"అయ్యో పిచ్చి నాయనా, కూర్చో," అని ఆవిడ మొదటినుంచి చివరిదాకా చెప్పారు.

సాయంత్రం మళ్ళీ ప్రత్యక్షం. "మొత్తం పోయిందమ్మా."

రెండు వారాలు ఇదే వరస. క్యాంటీన్లో, బస్‌స్టాపులో, ఆఖరికి ఆవిడ మేకప్ గది తలుపు బయట నిలబడి కూడా.

"ఇంత మందమతిని డైరెక్టరుగా ఎలా పెట్టుకున్నారే?" అన్నారావిడ నాతో. "నేను లేకపోతే వాడి గతేంటి?"

ప్రసారం రోజు నా బొటనవేలు బొత్తాం మీద చెమటతో జారిపోతోంది. మొదటి రెండు అంకాల్లో ఆవిడ ఒక్క ముక్క తప్పలేదు. మూడో అంకంలో బీరువా ముందు నిలబడి ఆగిపోయారు. పెదవి కదల్లేదు. మరిచిపోయారనుకున్నాను. నొక్కేశాను.

ఆవిడ మరిచిపోలేదు. అది నటన. కావాలనే ఆగి, సరిగ్గా నేను నొక్కిన క్షణంలో నాటకానికే ప్రాణమైన మాట అద్భుతంగా చెప్పారు. దేశమంతా టీవీలు మొట్టుకుంటోంది.

నాటకం ముగియగానే ఆగ్డెన్ గారు దిగివచ్చారు. "శబ్దం పోయింది. మళ్ళీ మరిచిపోయారన్నమాట."

తప్పు నాదని చెప్పబోయాను. అప్పటికే ఫిన్‌బార్ గారు కెమెరాలు నడిపించే పైగదినుంచి మెట్లు దిగి వచ్చేశారు.

"ఆవిడ కాదండీ. నేనే కంగారుపడి నొక్కమని బెరిల్ హెడ్‌ఫోన్‌లో అరిచాను." చేతులు గజగజా వణుకుతున్నాయి. ఆ వణుకు చూశాక అనుమానించేవాడెవడు?

వినిఫ్రెడ్ గారు ఆయన భుజం మీద చెయ్యేసి ఆగ్డెన్ గారి వైపు తిరిగారు. "ఈ అబ్బాయిని ఒంటరిగా వదిలితే ఇలాగే ఉంటుంది. వచ్చే నాటకంలో కూడా నన్ను వేయండి, దగ్గరుండి చూసుకుంటాను."

ఆగ్డెన్ గారు సరేనన్నారు.

క్షమాపణ చెప్పుకుందామని పైగదికి వెళ్ళాను. ఫిన్‌బార్ గారి బల్ల మీద తెరిచి ఉన్న కాగితాలు గురువారం వంటల కార్యక్రమానివి. మటన్ పులుసు. నాటకం కాగితాలు మాత్రం ఎక్కడా లేవు.

"మీకు మొత్తం నోటికొచ్చా?"

"మొదటి రోజునుంచీ," అన్నారు నెమ్మదిగా.

"మరి ఆ వణుకు?"

"అది నిజమేనమ్మా. ఆవిడ ఎక్కడ ఆగిపోతుందోనని రెండు వారాలు నిద్ర లేదు."

ఆ మనిషి మీద అంత ప్రేమ నాకు అంతకు ముందెప్పుడూ కలగలేదు. ఆ మాట చెప్పేలోపే కిందినుంచి వినిఫ్రెడ్ గారి కేక వినిపించింది.

"నాయనా, కొత్త నాటకం కాగితాలు ఇచ్చారు. రా, మొదలుపెడదాం."

ఆయన మొహం నిండా గాభరా తెచ్చుకుని తలుపు తీశారు. "వస్తున్నానమ్మా. ఏ నాటకం అన్నారూ?"