రష్యా బొమ్మకి పక్కింటి పిన్ని చెప్పిన కథ

నా చిన్నప్పుడు జగ్గయ్యపేటలో సినిమాకి వెళ్ళడమంటే సగం చూడటం, సగం మా పక్కింటి పిన్ని మాటలు వినడం. రంజాన్‌కి మా ఇంటికి గిన్నెడు సేమ్యా పంపే ఆ పిన్నికి నోరు ఊరుకునేది కాదు. ఆడవాళ్ళ క్లాసులో కూర్చుని, తెర మీద జరిగేదంతా పక్కవాళ్ళకు ఒప్పజెప్పేది. "మాకూ కళ్ళున్నాయిలేవమ్మా" అని ఎవరైనా కసురుకుంటే, ఇంకాస్త గట్టిగా చెప్పేది.

మా మామయ్య ఆ హాలుకి కొత్తగా మేనేజరయ్యాడు. కొత్త మోజులో, ఓనరు వద్దన్నా వినకుండా, ఒక ఆదివారం మ్యాట్నీకి రష్యా సినిమా తెప్పించాడు. జనం మధ్యలో లేచి వెళ్తే నువ్వూ వాళ్ళ వెనకాలే వెళ్ళిపో అని ఓనరు ముందే చెప్పేశాడు. కథ తెలుగులో చెప్పడానికి బెజవాడ నుంచి ఒక మాస్టారు రావాలి. హాలు నిండింది, బొమ్మ మొదలైంది, మాస్టారు మాత్రం రాలేదు. ఆయన బస్సు నందిగామ దగ్గర చెడిపోయిందట. ఒక్క ముక్క అర్థం కాక నేలక్లాసులో ఈలలు మొదలయ్యాయి. వెనక బెంచీలవాళ్ళు లేచారు. మామయ్య ముఖంలో కత్తివాటుకు నెత్తురుచుక్క లేదు.

అప్పుడు మా పిన్ని లేచి నిలబడింది.

"ఏందయ్యా ఆ తొందర? కూర్చోండి! ఆ పిల్లని అత్తగారు రాచిరంపాన పెడతంది, కనపడట్లా?"

జనం నవ్వారు, కూర్చున్నారు. ఇక పిన్నికి పట్టపగ్గాల్లేవు. టోపీ పెట్టుకున్నవాడు ఆడబిడ్డ మొగుడంది. మంచులో గుర్రబ్బండి వస్తే పుట్టింటి సారె వచ్చిందంది. హాలు హాలంతా ఆ పిల్ల పక్షాన చేరి అత్తగారిని తిట్టిపోసింది. అంత సంబరంగా నేను ఏ సినిమా చూడలేదు.

చివర్లో ఆ పిల్ల రైల్వే స్టేషన్లో నిలబడింది. రైలు కదిలిపోతోంది. పిన్ని టక్కున ఊరుకుంది. మామయ్య ఆడవాళ్ళ తలుపు దాకా పరిగెత్తుకొచ్చి, "చెప్పమనవే, జనం లేస్తారు" అని నన్ను బతిమాలాడు. పిన్ని పలకలేదు. ఒక్కరూ లేవలేదు. అక్కడక్కడా ముక్కు చీదిన చప్పుడు వినబడిందంతే. ఓనరు కూడా తువ్వాలుతో కళ్ళు తుడుచుకున్నాడు. మామయ్య ఉద్యోగం నిలబడింది.

ఇంటికి నడుస్తూ, అక్కడెందుకు ఆపేశావని పిన్నిని అడిగాను.

"నేను చెప్పేదేముందే అక్కడ? ఆ పిల్లే చెప్తంది గదా."

పెద్దయ్యాక స్కాలర్‌షిప్ వచ్చి మాస్కోలో ఎడిటింగ్ చదువుకున్నాను. రష్యన్ సినిమాలకే ఎడిటర్‌గా అక్కడే స్థిరపడ్డాను. చదువుకునే రోజుల్లో ఒకసారి క్లాసులో అదే సినిమా వేశారు. మేం తిట్టిపోసిన అత్తగారు ఆస్పత్రిలో డాక్టరమ్మ. సారె బండిలో ఉన్నవి మందులు. పొట్ట చెక్కలయ్యేలా నవ్వాను. స్టేషన్ సీను దగ్గరికి వచ్చేసరికి నా నవ్వు ఆగిపోయింది. అక్కడ మా పిన్ని ఒక్క పొరపాటూ చేయలేదు.

ఇప్పుడు నా పక్కన కూర్చునే కుర్ర డైరెక్టర్లు, ముఖం మీద షాట్ పొడుగైంది, కట్ చేయమని తొందరపెడుతుంటారు. ముసలిదానికి చెయ్యి ఆడటం లేదనుకుంటారో ఏమో. నేను మాత్రం ఆ ముఖం తను చెప్పాల్సింది చెప్పేదాకా ఆగి, అప్పుడు కట్ చేస్తాను.